టార్విసెన్స్ అనే మాట

నరసరావుపేటలో ధనుంజయరావు టైపు ఇన్‌స్టిట్యూట్ గుమ్మం పక్కన ఒక నల్లబోర్డు ఉండేది. రోజూ పొద్దున్నే ఆయన దాని మీద ఎవరూ వినని ఇంగ్లీషు మాట ఒకటి రాసేవాడు. ఎలా పలకాలో కింద తెలుగు అక్షరాల్లో, దాని కింద అర్థం. 'డిఫెనెస్ట్రేషన్: మనిషిని కిటికీలోంచి బయటికి విసిరెయ్యడం' అని రాసిన రోజు ఎదుటి టీకొట్టు ఖాసిం కడుపుబ్బ నవ్వాడు.

"దానిక్కూడా ఓ మాట పెట్టుకున్నారా దొరలు! చానా తీరిక మనుషులే."

అందరూ చదివి నవ్వుకుని పోయేవాళ్ళే. నిజంగా నేర్చుకునేది మాత్రం సాయంత్రం బ్యాచి హమీదా ఒక్కతే. లారీ మెకానిక్కు గులాం మొహిద్దీన్ కూతురు. ఆ పిల్ల కోసమే రాస్తున్నానని ఆయన లోలోపల మురిసిపోయేవాడు.

పదకొండేళ్ళలో బోర్డు ఒక్కనాడు ఖాళీగా లేదు. ఆ గొప్పే ఆయన కొంప ముంచింది. ఎనభై నాలుగు ఎండాకాలంలో డిక్షనరీ అట్ట ఊడితే గుంటూరు బైండింగుకి పంపాడు. బైండరు పదమూడు రోజులు తిప్పాడు. గుర్తున్న మాటలతో ధనుంజయరావు నాలుగు రోజులు నెట్టుకొచ్చాడు. అయిదో రోజు ఖాసిం కేకేశాడు.

"ఏంది మాస్టారూ, సరుకయిపోయిందా?"

ఆయనకు రోషం పొడుచుకొచ్చింది. సుద్దముక్క అందుకుని రాసేశాడు: 'టార్విసెన్స్. మొదటి అక్షరం ఒత్తి పలకాలి. పొద్దుగూకాక నాపరాతిలో మిగిలే వేడి.' ఆ మాట ఏ దొర నోటా పుట్టలేదు, ఆయన బుర్రలో పుట్టింది. తక్కిన ఎనిమిది రోజులూ అదే పని. సరదాగా కూడా ఉందాయనకి, ఆ సంగతి దాచడమెందుకు?

రెండు నెలల తర్వాత హమీదా పరుగున వచ్చింది. మాచర్లలో ఇంగ్లీషు ఉపన్యాసాల పోటీ. పల్నాడు ఎండల మీద మాట్లాడి మొదటి బహుమతి కొట్టింది.

"టార్విసెన్స్ అనంగానే ముగ్గురు జడ్జీలూ తలలూపారు సార్. ఒకాయన రాసుకున్నాడు గూడా."

బహుమతి ఆయన బల్ల మీద పెట్టింది. ఇటికంత డిక్షనరీ.

"ఇంకా తెరవలేదు సార్. ముందు మన మాట మీరే చూపించాల."

ఈ ఎడిషన్‌లో వెయ్యలేదమ్మా అనే అబద్ధం ఆయన నాలిక చివరిదాకా వచ్చింది. అంటే నమ్మేది. అలా నమ్ముతుందనే సిగ్గేసింది.

"ఇందులో ఉండదమ్మా. ఎందులోనూ ఉండదు. నేనే పుట్టించాను."



"ఇంకెన్ని సార్?"

"దాంతో కలిపి తొమ్మిది. పుస్తకం బైండింగుకెళ్ళినప్పుడు."

ఒక్కొక్కటే చెప్పుకుంటూ వచ్చాడు. ఏడే గుర్తొచ్చాయి. మిగతా రెండూ ఆమే చెప్పింది, తేదీలతో సహా, ఆయన ఒత్తమన్నచోట ఒత్తి. తర్వాత డిక్షనరీ చంకన పెట్టుకుని వెళ్ళిపోయింది. మళ్ళీ క్లాసుకి రాలేదు.