మునగని గిన్నె

నేను ఒక రాగి గిన్నెను. నా అడుగున సూది మొనంత చిల్లు ఉంది. చిల్లుగిన్నె అని నవ్వకండి, ఆ చిల్లే నా ఉద్యోగం. తొట్టిలో నీళ్ల మీద వదిలితే, అవి బొట్టు బొట్టుగా నాలోకి ఎక్కుతాయి; సరిగ్గా ఒక గడియకు, అంటే మీ లెక్కలో ఇరవై నాలుగు నిమిషాలకు, బుడుంగున మునుగుతాను. ముహూర్తాలు చూడటానికి పాలకొండ పురోహితుడొకాయన నన్ను కంచరి చేత చేయించుకున్నాడు. మనుషుల చిత్రం చూడండి: కాపురం చల్లగా సాగితే పంతులుగారి గొప్ప, మొగుడూ పెళ్లాం జుట్టూ జుట్టూ పట్టుకుంటే గిన్నె తప్పుగా మునిగిందని నా మీద నింద! తర్వాత చేతి గడియారాలు వచ్చాయి. నన్ను అటకెక్కించి చింతపండు కుండ మీద మూతగా బోర్లించారు. ఆ అవమానం నేనింకా మరిచిపోలేదు.

అక్కడి నుంచి నన్ను దించి తెచ్చుకున్నవాడు ముద్దాడ గవరయ్య మేస్టారు. కాలేజీలో బోటనీ చెబుతూ, పుస్తకాల్లో లేని మొక్కల కోసం ఆ ఉద్యోగం వదులుకున్న మనిషి. ఏజెన్సీ కొండల్లో పడి తిరిగి ఆయన తెచ్చినవి చూస్తే మీకూ మతిపోతుంది. నిన్నటి గాలికి ఇవాళ ఊగే గడ్డి, రేపటి ఎండకు ఇవాళే వాడిపోయే ఆకు. కాలం గురించి మొక్కలకు తెలిసినంత మనిషికి తెలియదని ఆయన వాదన. ఊళ్లో జనం పిచ్చి మేస్టారన్నారు. ఆయన భార్య నూకరత్నం మాత్రం ఆ గడ్డికి నీళ్లు పోస్తూ, "నిన్న గాలి బాగానే ఏసినట్టుంది" అని నవ్వేది. నా చిలుమంతా వదిలేలా తోమి తళతళలాడించింది కూడా ఆమే. అదీ చింతపండుతోనే!

చివరికి ఆయనొక తీగ తెచ్చాడు. నల్లటి కాడ, పువ్వు లేదు, పురుగు వాలదు. పెరట్లో పందిరికి పాకించాడు. దాని నీడలో ఏదీ అయిపోదు. దీపం పెడితే చివరి బొట్టు నూనె తరగదు, మంచుగడ్డ పెడితే చివరి పలుకు కరగదు. ఆ నీడలోనే తొట్టి పెట్టి నన్ను వదిలాడు. అంచు దాకా నీళ్లు వచ్చాయి, అక్కడితో ఆగిపోయాయి. మేస్టారు చిన్నపిల్లాడిలా గంతులు వేశాడు. నాకు మాత్రం ఒళ్లు జలదరించింది. పీకల దాకా వచ్చి మునగకపోవడం ఎలా ఉంటుందో మీకు తెలియదు లెండి.

ఆ ఏడే నూకరత్నం ఊపిరితిత్తులు పాడయ్యాయి. పెద్దాసుపత్రిలో డాక్టరు, ఇక ఇంటికి తీసుకెళ్లిపొమ్మన్నాడు. ఆ మాటకు అర్థం ఇద్దరికీ తెలుసు. మేస్టారు ఇంటికి రాగానే ఆమె మంచాన్ని తీగ కిందికి ఈడ్చాడు.

ఆమె చావలేదు. అంతవరకు ఆయన లెక్క తప్పలేదు. కానీ దగ్గూ అయిపోలేదు. గంజి తాగినా ఆకలి తీరదు, కళ్లు మూసుకున్నా నిద్ర తీరదు. లేచి నాలుగడుగులు వేసే సత్తువ లేదు. మాటలకు మాత్రం ఎందుకో ఆ తీగ అడ్డు రాలేదు.

"నన్ను బయటికి తీసుకెల్లిపోండి మేస్టారూ" అంది ఒకరోజు.

"తీసుకెళ్తే నువ్వుండవు రత్నం."

"ఉండకపోతే పోనీండి. ఈ దగ్గు ఒక్కపాలి ఆగితే సాలు నాకు."

ఆయన కళ్లు తుడుచుకున్నాడు. తర్వాత నన్ను చూపించి, చంటిపిల్లను ఊరుకోబెట్టినట్టు, "ఆ గిన్నె మునిగిన రోజు తీసుకెళ్తాను, ఒట్టు" అన్నాడు. నేను మునగనని ఆయనకు తెలుసు. దాన్ని మీరు ప్రేమ అంటారేమో. నాకైతే ఒళ్లు మండిపోయింది.

అప్పటి నుంచి ఆమె కళ్లు నా మీదే. "గిన్నె మునిగిందా మేస్టారూ?" అని అడుగుతుంది. "ఇంకా లేదు రత్నం" అంటాడాయన హాయిగా. ఒకసారి మంచం మీంచి చెయ్యి చాచి వేలితో నన్ను కిందికి నొక్కింది. నేనూ నా బరువంతా వేశాను. వేలు తీయగానే పైకి తేలాను. ఆమె ఏడ్చింది. ఏడుపూ అయిపోలేదు.

ఎవరైనా చూస్తే జాలిపడి ఆమెను తీసుకుపోతారని ఆయనకు భయం. పెరటి గోడ ఎత్తు లేపించాడు, వీధి తలుపుకు లోపల తాళం వేసుకున్నాడు. ఏళ్లు గడిచి ఆయన జుట్టు నెరిసింది, నడుము వంగింది. పందిరి కింద ఆమె జుట్టు నల్లగానే ఉంది.

ఒక మధ్యాహ్నం గంజి పట్టుకొచ్చి, మంచం పక్కన కూర్చోబోతూ మేస్టారు గుండె పట్టుకున్నాడు. తొట్టి పక్కన వెల్లకిలా పడిపోయాడు. కాళ్లూ చేతులూ కదల్లేదు. నీడకు అవతల పడి ఉంటే క్షణంలో అయిపోయేది. తీగ నీడలో పడ్డాడు. ఆ నొప్పి మొదలైంది, ఇక అయిపోలేదు.

"రత్నం... తీగ తెంపెయ్" అన్నాడు.

ఆమె చెయ్యి చాచింది. వేళ్లు నా అంచు దాకా వచ్చాయి, తీగ మొదలు దాకా రాలేదు.

కొన్నాళ్లకు ఎవరో వీధి తలుపు తట్టారు. ఇద్దరూ కలిసి పిలిచారు. ఆ పీలగొంతులు ఆయన లేపించిన గోడ దాటలేదు. తట్టినవాళ్లు వెళ్లిపోయారు. ఇంటి పెంకులు జారిపోయాయి. పెరట్లో గడ్డి నడుం ఎత్తు పెరిగి, నిన్నటి గాలికి ఊగుతూనే ఉంది.

నూకరత్నం ఇప్పటికీ అడుగుతుంది. ఇప్పుడు అడిగేది తన కోసమే కాదు.

"గిన్నె మునిగిందా మేస్టారూ?"

మేస్టారు కష్టం మీద మెడ తిప్పి, నా అంచున వణుకుతున్న నీళ్లకేసి చూస్తాడు.

"ఇంకా లేదు రత్నం."