టాకెట్ నక్షత్రం

ఆర్విల్ టాకెట్ ఇనప పళ్ల పంగలకర్రతో ఒక్కో కంపనూ పొడిచి ఎత్తి, పసిబిడ్డను పడుకోబెట్టినంత మెల్లగా గుట్టమీద పెడుతున్నాడు. వాషింగ్టన్ రాష్ట్రపు ఎడారిలో గాలి వీచిందంటే చాలు, ఈ ఎండు ముళ్లకంపంతా దొర్లుకుంటూ వచ్చి నాలుగు కిలోమీటర్ల సిమెంటు గొట్టానికి ఆనుకుని పేరుకుంటుంది. యంత్రాలతో ఏరేది మంగళవారం ఒక్కరోజే. తక్కిన రోజుల్లో గొట్టం లోపలి పరికరం ఆకాశం నుంచి వచ్చే అతి సన్నని వణుకుల్ని వింటూ ఉంటుంది, నేలమీది చిన్న అదురు కూడా దానికి తగులుతుంది కనుక కాలినడక, చేతిపని.

ఎండకు కమిలిన మెడ, వంగిన వీపు, చేతుల నిండా ముళ్ల గీతలు. పదిహేడేళ్లుగా ఇదే పని, ఇవాళ్టితో సరి. చేరిన మొదటి నెలలో బండి వెనక తలుపు దభాలున పడేశాడు. కంట్రోల్ రూము తెరమీద పరికరం గీత ఎగిరిపడింది. ఆకాశపు వణుకులా కనబడిన దానికి కుర్రకారు టాకెట్ నక్షత్రమని పేరుపెట్టి ఇప్పటికీ ఏడిపిస్తున్నారు. ఆనాటి నుంచి ఆర్విల్ ఇంట్లో సొరుగు మూసినా చప్పుడు కాదు.

మధ్యాహ్నం రెండింటికి నడుముకున్న వాకీటాకీ పలికింది. కంట్రోల్ రూము నోరీన్, అతని ఈడుదే.

"ఏమయ్యా ఆర్విల్, ఏమైనా పడేశావా?"

"లేదమ్మా. ఏం?"

"గీత ఎగిరింది. ఉన్నచోటే ఉండు, కదలకు."

పంగలకర్ర గాల్లోనే ఉంది, కొనన కంపతో సహా. దించడానికి భయమేసింది. నిజంగానే ఏమీ పడేయలేదా? మడమ గట్టిగా ఆనిందా? ఉద్యోగం వదిలే రోజున కూడా ఈ మచ్చ తప్పదా అనుకున్నాడు. భుజాలు లాగేస్తున్నా కర్ర దించలేదు.

పది నిమిషాలకు నోరీన్ గొంతు మళ్లీ వినిపించింది. "నువ్వు కాదులే! అదే వణుకు లూసియానాలో మన జంట పరికరానికీ తగిలింది. రెండువేల మైళ్ల అవతల కూడా నువ్వే కంప ఎత్తుతున్నావేంటి?"

"మరి ఎవరి పని?"

"రెండు కృష్ణబిలాలు ఢీకొన్నాయి. నూట ముప్పై కోట్ల ఏళ్ల కిందట. ఆ అదురు ఇప్పటికి మనదాకా వచ్చింది. వాటి నుంచి వెలుగు బయటికి రాదు కదా, ఏ టెలిస్కోపుకీ కనబడవు. ఈ వణుకు వల్లే మనకు తెలిసింది."

"అబ్బో! ఇంత దూరం వచ్చేసరికి ఇంకేం మిగిలిందీ?"

"నీ తలుపు చప్పుడులో వెయ్యో వంతు కూడా లేదు. ఇవాళ ఇంక అక్కడ ఎవరూ తిరగొద్దంటున్నారు. పని వదిలేసి మెల్లగా వచ్చెయ్. నీ కేకు కోయాలి."

ఆర్విల్ తలెత్తి చూశాడు. నీలం తప్ప ఏమీ లేదు. అయినా సంతోషంతో కళ్లు చెమర్చాయి. అంత చిన్న వణుకుకు తాను అడ్డు రాలేదు. ఇంకా యాభై అడుగుల మేర కంప మిగిలే ఉంది. వంగి, కర్రను ఇసుకమీద చప్పుడు కాకుండా పెట్టి, మునివేళ్ల మీద గేటుకేసి నడిచాడు. ఉద్యోగం ముగిసింది, మళ్లీ ఆ గేటు దాటి లోపలికి రాలేదు.

మంగళవారం దాకా పంగలకర్రను ఎవరూ కదపలేదు. దాని పళ్లలో ఇరుక్కున్న కంప మాత్రం గాలికి అటూ ఇటూ ఊగుతూనే ఉంది.