పేర్లన్నీ వెళ్ళిపోయాక

అతణ్ణి అల్లుడనే పిలుద్దాం. ఈ కథలో అతని ముఖ్యమైన ఉద్యోగం అదే. రెండో ఉద్యోగం ఒక పెద్ద ఎలక్ట్రానిక్స్ షాపులో వీడియో గేముల కౌంటరు చూడటం. ప్రపంచంలో వచ్చిన ప్రతి ఆటనూ చివరిదాకా ఆడేసిన మొనగాడని ఆ షాపులో అతనికి పేరు. ఒక్కటీ ఆడలేదు, అది వేరే సంగతి.

గాజు బీరువా తాళంచెవి మెడలో వేలాడేసుకుని నిలబడతాడు. ఎవరైనా వచ్చి ఏదో ఒక పెట్టె మీద వేలు పెట్టడమే ఆలస్యం, "సార్, ఇది నేనే స్వయంగా పూర్తిచేశాను. ఆ చివరి సీనుంది చూశారూ... వద్దు సార్, చెప్పను, మీరే చూడాలి" అంటాడు. చెప్పకపోవడానికి కారణం తెలియకపోవడమేనని ఇంతవరకూ ఎవరికీ అనుమానం రాలేదు. చెప్పేవాడికి వినేవాడు లోకువ, అమ్మేవాడికి కొనేవాడు మరీ లోకువ. పెట్టె వెనక అచ్చేసిన నాలుగు ముక్కలు, ఇంటర్నెట్‌లో ఎవరో అరుస్తూ చెప్పిన మరో రెండు ముక్కలు కలిపి, ఏళ్ళ తరబడి బండి లాగిస్తున్నాడు. ఉత్తమ ఉద్యోగి అని అతని ఫొటో లిఫ్టు పక్కన అంటించారు కూడా.

అత్తగారు డబ్బింగ్ కళాకారిణి. తెరమీద ఎవరో అందగత్తె పెదవులు కదిపితే, ఎక్కడో చప్పుడు మింగే స్పాంజి పలకలు అతికించిన చిన్న గదిలో మైకు ముందు నిలబడి ఈవిడ మాట్లాడుతుంది. హీరోయిన్లు, వాళ్ళ అక్కలు, పక్కింటి గయ్యాళులు, తెల్లబట్టల్ని చూసి మురిసిపోయే సబ్బుల ప్రకటన ఇల్లాళ్ళు, అందరి గొంతూ ఈవిడదే. ఇంట్లో మాత్రం ఆ గొంతుకు అంత గిరాకీ లేదు. మామగారు ఆవిడ గొంతిచ్చిన సీరియలే చూస్తూ, "కాసేపు మాట్లాడకుండా ఉంటావా, టీవీ వినబడటం లేదు" అని ఆవిణ్ణే కసురుకుంటారు.

అలాంటి అత్తగారికి ఒక వీడియో గేములో వేషం దొరికింది. సిపాయిగా యుద్ధానికి వెళ్ళిన ఒక ఆడపిల్ల కథ అది. నలభై గంటల ఆట. ఆ పిల్ల తల్లి వేషం ఈవిడది. "ఆట అంతా అయిపోయాక, చేసినవాళ్ళ పేర్లన్నీ వెళ్ళిపోయాక, చిట్టచివర దాచిపెట్టిన సీను ఒకటి ఉంటుంది. అందులో నేనుంటాను. చిన్నదే. కానీ నేను చేసినవాటిలో మంచి పని అదేననిపిస్తోంది" అని భోజనాల దగ్గర చెప్పింది. ఆవిడ తన పని గురించి తానే మంచిమాట అనడం అదే మొదలు. ఎవరైనా వింటారేమో అని ఆశగా అందరి మొహాలూ చూసింది. మామగారు ఉప్పు ఇటివ్వమన్నారు.

ఆట విడుదలయ్యాక అల్లుడు అత్తగారికి ఫోన్ చేశాడు. అభినందించాలనే సదుద్దేశమే. కాకపోతే నోరు అలవాటైన దారినే పోయింది.

"అత్తయ్యా, పూర్తిచేశాను! ఆ చివరి సీనులో మీ డైలాగు ఉంది చూశారూ, అదిరిపోయింది. నాకు కళ్ళనీళ్ళు ఆగలేదు."

"ఏ డైలాగు బాబూ?"

"అదే అత్తయ్యా, ఆ చివర్లోది. అసలు ఏం పలికారు!"

"అలాగా," అంది అత్తగారు. "చాలా సంతోషం బాబూ."

అల్లుడు చూసేసి, తాను చూడకపోతే మామగారి పెద్దరికం ఏంగాను? మర్నాడే ఆయన, "నేనూ విన్నాను, అల్లుడి ఫోనులో. డైలాగు బాగానే చెప్పావు, కాకపోతే ఆ మధ్యలో కొంచెం తొందరపడ్డావు" అని విమర్శ కూడా కలిపారు. అల్లుడి భార్యకు తమ్ముడు, కారు లోన్లు ఇప్పించే బావమరిది ఇద్దరినీ మించిపోయాడు. ఆ డైలాగును తన ఆఫీసులో అందరూ అప్పజెబుతున్నారన్నాడు. అత్తగారు ముగ్గురి మాటలూ ఓపిగ్గా విని, ముగ్గురికీ సంతోషమే అంది.

ఇంట్లో అబద్ధం రాని మనిషి ఒక్క అల్లుడి భార్యే. "నేను చూడలేదు," అని అందరూ భోజనాలకు కూర్చున్నప్పుడు ఒప్పేసుకుంది. "వచ్చే ఆదివారం అందరం కలిసి చూద్దాం. నువ్వు ఎలాగూ పూర్తిచేశావుగా, నేరుగా చివరి సీను పెట్టెయ్."

ఆదివారానికి ఇంకా ఎన్ని రోజులుందో అల్లుడు వేళ్ళమీద లెక్కపెట్టుకున్నాడు.

"అందరూ చూసేశారుగా, మళ్ళీ ఎందుకే," అంది అత్తగారు, మిగతావాళ్ళ మొహాల్లోకి చూడకుండా.

"నేను చూడొద్దా అమ్మా? నీ మంచి పనని నువ్వే అన్నావు."

ఇక తప్పలేదు. అల్లుడు ముందు దగ్గరిదారులు వెతికాడు. ఇంటర్నెట్‌లో పూర్తి ముగింపు అన్న వీడియోలు కుప్పలుతెప్పలుగా ఉన్నాయి. అన్నీ పేర్లు మొదలవగానే, మాకు లైకు కొట్టండి అంటూ ఆగిపోయాయి. చివరిదాకా ఓపికపట్టిన పుణ్యాత్ములు అక్కడక్కడా లేకపోలేదు. వాళ్ళు కింద రాసిన మాట ఒకటే: "చెప్పం, మీరే చూడాలి." జీవితంలో మొదటిసారి ఆ మాట అతనికి ఒళ్ళు మండించింది.

కౌంటరులోంచి ఒక కాపీ, దాన్ని ఆడించే యంత్రం కొనుక్కుని, మళ్ళీ ఆడబుద్ధవుతోందని భార్యకు చెప్పి, వారం సెలవు పెట్టాడు. సులభం అన్న మెట్టు ఎంచుకున్నాడు. అయినా మొదటి వంతెన దగ్గరే కాలుజారి నదిలో పడ్డాడు. ఇంకా సులభం కావాలా అని ఆటే జాలిపడి అడిగింది. కావాలన్నాడు. సిపాయి పిల్ల మంచులో నడిచింది, బురదలో పాకింది, తోటివాళ్ళను పాతిపెట్టింది. అల్లుడు సోఫాలో ఒరిగి ఇవన్నీ తిట్టుకుంటూ చేశాడు. కానీ నాలుగోరోజుకి తిట్టడం తగ్గింది. ఆ పిల్ల ఇంటికి రాసిన ఉత్తరాలు తడిసిపోయిన చోట ఆట ఆపి, కాసేపు కిటికీ దగ్గర నిలబడ్డాడు. ఎందుకో అతనికే అర్థంకాలేదు. ఆటలు ఆడితే ఇలా ఉంటుందని కౌంటరులో ఎవరూ అతనికి చెప్పలేదు మరి.

శనివారం మధ్యాహ్నానికి తలప్రాణం తోకకొచ్చి, చావుతప్పి కన్ను లొట్టపోయినట్టు చివరి పోరాటం గెలిచాడు. పేర్లు మొదలయ్యాయి. అవి ఎంతకీ తెమలవు. రాళ్ళకు రంగులేసినవాళ్ళు, గుర్రాల డెక్కల చప్పుడు చేసినవాళ్ళు, పెట్టుబడిదారుల పెంపుడు కుక్క, అందరికీ కృతజ్ఞతలే. కొంచెం త్వరగా నడిపిద్దామని ఒక బటన్ నొక్కాడు. తెర నల్లబడి, ఆట మొదటి పేజీ ప్రత్యక్షమైంది. పేర్లను గౌరవించనివాడికి సీను లేదట. మళ్ళీ చివరి పోరాటం నుంచి రావలసిందే. అప్పటికి వేళ్ళు కొంకర్లుపోయి ఉన్నాయి. సరే, పోరాటం ముందు దాకా దాచిపెట్టి ఉంది కదా, రేపు అందరి ముందూ గెలిచి చూపిస్తే వీరుడిలా కూడా ఉంటుందని సర్దిచెప్పుకున్నాడు.

ఆదివారం అత్తగారింట్లో టీవీకి ఆట తగిలించి, హాల్లో కర్టెన్లు దించారు. మామగారు వాలుకుర్చీలో, బావమరిది సోఫా చేతిమీద, భార్య నేలమీద టీవీకి దగ్గరగా కూర్చున్నారు. అత్తగారు మాత్రం వెనకాల డైనింగ్ టేబుల్ కుర్చీలో, లేచిపోవడానికి వీలుగా అన్నట్టు అంచుమీద కూర్చుంది.

"ముందే చెబుతున్నా," అన్నాడు బావమరిది, "అక్కా, రుమాలు దగ్గర పెట్టుకో. ఆ డైలాగుకి ఏడవకుండా ఉండలేవు."

"అంత ఏడుపేం లేదు," అన్నారు మామగారు. "గంభీరంగా ఉంటుంది."

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు అనుమానంగా చూసుకున్నారు. అల్లుడికి అదంతా చెవిన పడటం లేదు. రెండుసార్లు చచ్చి, మూడోసారి గెలిచాడు. పేర్లు మొదలవగానే కంట్రోలర్ని టీపాయ్ మీద పసిబిడ్డను పడుకోబెట్టినట్టు పెట్టి, "ఎవరూ ముట్టుకోకండి" అన్నాడు.

పేర్లు పోతున్నాయి. మామగారు రెండుసార్లు ఆవులించి, ఇంతమంది కలిసి చేసింది ఇదేనా అన్నారు. బావమరిది ఫోను తీశాడు. "అమ్మా, నీ పేరు!" అని భార్య అరిచేసరికి అందరూ తలెత్తారు. అప్పటికే ఆ పేరు పైకి వెళ్ళిపోయింది.

"చూశాం, చూశాం," అన్నారు మామగారు.

చివరికి తెర నల్లబడింది. తర్వాత ఒక గది కనిపించింది. చిన్న దీపం, కుర్చీలో తల వాల్చి నిద్రపోతున్న ఒక పెద్దావిడ. ఊపిరి మెల్లగా, కాస్త గురకతో వస్తోంది పోతోంది. చాలాసేపు అంతే. మెట్ల మీద బూట్ల చప్పుడైంది. పెద్దావిడ కళ్ళు తెరవలేదు. ఊపిరి మాత్రం ఆగిపోయింది. రెండో అడుగు పడింది, మూడోది పడింది. ఇంకా ఊపిరి తీయలేదు. ఆవిడతోపాటు తానూ బిగబట్టానని అల్లుడికి గుండె నొప్పిపుట్టాకగానీ తెలియలేదు. తలుపు కిర్రుమంది. అప్పుడు ఆ ఊపిరి ముక్కలుముక్కలుగా బయటికొచ్చింది. నవ్వో ఏడుపో తేల్చుకోలేని చిన్న చప్పుడు ఒకటి. పెద్దావిడ లేచి తలుపు వైపు నడిచింది. తెర నల్లబడి, ఆట మొదటి పేజీ వచ్చింది.

"ఆఁ, ఇప్పుడొస్తుంది డైలాగు," అన్నారు మామగారు.

"అయిపోయిందండీ," అంది వెనకనుంచి అత్తగారు. "అందులో నాకు మాటల్లేవు."

మొగవాళ్ళు ముగ్గురూ తేలుకుట్టిన దొంగల్లా కూర్చుండిపోయారు. అదిరిపోయిన డైలాగు, మధ్యలో తొందరపడ్డ డైలాగు, ఆఫీసులో అందరూ అప్పజెబుతున్న డైలాగు, మూడూ హాలు నడిమధ్య శవాల్లా పడి ఉన్నాయి. భార్య మాత్రం కళ్ళు తుడుచుకుంటూ, ఒక్కొక్కరినీ ఎగాదిగా చూసింది.

"టీ పెడతాను," అని అత్తగారు లేచి వంటింట్లోకి వెళ్ళింది.

అల్లుడికి సిగ్గేసింది. షాపులో ఎన్ని అబద్ధాలాడినా వేయని సిగ్గు. లేచి ఆవిడ వెనకే వెళ్ళాడు. ఆవిడ గిన్నెలో నీళ్ళు పోస్తోంది.

"అత్తయ్యా, ఆరోజు అబద్ధం చెప్పాను. నేను చూడలేదు."

"తెలుసు బాబూ."

"మరి మీరు అప్పుడే అడిగెయ్యొచ్చుగా? మమ్మల్ని నాలుగు తిట్టొచ్చుగా?"

అత్తగారు స్టవ్ వెలిగించింది.

"ముప్పై ఏళ్ళు దవడలు నొప్పిపుట్టేలా మాట్లాడాను. ఈ ఇంట్లో ఒక్కరూ బాగుందనలేదు. నోరు తెరవని వేషానికి మాత్రం పదిరోజులుగా ఒకటే పొగడ్తలు. అబద్ధమని తెలుస్తూనే ఉంది. అయినా మధ్యలో ఆపబుద్ధి కాలేదు బాబూ. వినడానికి బాగుంది."

అల్లుడు క్షమించండి అనబోయాడు. అదీ కౌంటరు మాటలానే అనిపించి మింగేశాడు. తనకు నిజంగా తెలిసినది ఒకటే ఉంది. దాన్ని ఎలా చెప్పాలో మాత్రం తెలియలేదు. దేన్నైనా చూశాక పొగడటం అతనికి కొత్త.

"ఆవిడ... బూట్ల చప్పుడుకి నిద్రలేచింది కదా. కానీ కళ్ళు తెరవలేదు. ముందు ఊపిరి ఆపి వింది. ఆ అడుగు ఆ పిల్లదేనా కాదా అని. కాదేమోనన్న భయంతో కళ్ళు తెరవలేదు. నాకు... నేనూ ఊపిరి తీయలేదత్తయ్యా."

అత్తగారి చేతిలో టీపొడి చెంచా అలాగే ఆగిపోయింది. అతని మొహంలోకి చాలాసేపు చూసింది, ఇది కూడా అమ్మకపు మాటేనా అని వెతుకుతున్నట్టు. తర్వాత స్టవ్ ఆపేసి, కుర్చీ ఒకటి అతని వైపు జరిపి, తానూ కూర్చుంది.

"అక్కడ ఒక మాట రాసిచ్చారు బాబూ. 'ఎవరూ?' అని. నాకున్న మాటల్లా అదొక్కటే. డైరెక్టరబ్బాయితో గంటసేపు పోట్లాడి నేనే తీయించేశాను. కన్నకూతురి అడుగు గుర్తుపట్టినావిడ, ఎవరని ఎందుకు అడుగుతుంది?"