నిమ్మచెట్టు ఎక్కిన మనిషి

నిస్సీ అన్నం డబ్బా మూత తీసి ఇంకా ముద్ద కలపలేదు, గిరిప్రసాద్ ఫైలు తెచ్చి కీబోర్డు మీద పడేశాడు.

"కుప్పయ్య ఫైలు. తినేది తర్వాత, ముందిది క్లోజ్ చెయ్."

తిరుపతి బైపాసు పక్కన, ముందంతా అద్దాలూ వెనకంతా మురుగూ ఉన్న ఆ ప్రైవేటు ఆసుపత్రిలో నిస్సీ మెడికల్ కోడర్. దెబ్బ ఎక్కడ తగిలిందో, ఎలా తగిలిందో డాక్టర్లు రాస్తే, దానికి తగిన నంబరు వెతికి కంప్యూటర్లో వేయడం ఆమె పని. రోడ్డు ప్రమాదమని నంబరు పడితే పోలీసులకు చెప్పక తప్పదు. ఇంట్లో జారిపడ్డాడని పడితే ఎవరికీ ఏమీ చెప్పనక్కరలేదు. ఈ తేడా గిరిప్రసాద్‌కు తెలిసినంత బాగా ఇంకెవరికీ తెలియదు. ఆ విభాగానికి మేనేజరతను. రోజూ పొద్దున్నే నామం దిద్దుకుని వచ్చి, అది చెదరకుండా సాయంత్రం దాకా అబద్ధాలాడగలడు.

నిస్సీ ఫైలు తెరిచింది. తుంటి ఎముక విరిగింది, ఎడమ తొడ నుజ్జయింది. కారణం దగ్గర డ్యూటీ డాక్టరు ముత్యాల్లాంటి అక్షరాలతో రాశాడు: నిమ్మచెట్టు మీద నుంచి జారి పడ్డాడు.

ఆమెకు ముందు నవ్వొచ్చింది, ఆ వెంటనే ఒళ్ళు మండింది. గూడూరు పక్క పల్లెలో పుట్టిన పిల్ల. వాళ్ళమ్మ ఇప్పటికీ నిమ్మతోటలకు కూలికి పోతుంది. నిమ్మచెట్టు ఎవడైనా ఎక్కుతాడా? ఒళ్ళంతా ముళ్ళు. కింద నిలబడి దోటికర్రతో కాయలు లాగడమే కానీ, ఎక్కిన మొనగాణ్ణి ఆమె ఎన్నడూ చూడలేదు. డబ్బా మూత పెట్టేసి వార్డుకు వెళ్ళింది.

కుప్పయ్య కళ్ళు మూసుకుని పడున్నాడు. చేతులు చూసింది. ఒక్క ముల్లు గీరిన గాటు కూడా లేదు.

"అక్కా, ఎట్ల పడినాడు?" అని పక్కనున్న అతని భార్య తిరుమలమ్మను అడిగింది.

"చెట్టు మింద నుంచి పాపా," అందామె నేల చూస్తూ.

"నేనూ గూడూరు దిక్కుదాన్నేక్కా."

తిరుమలమ్మ ముఖానికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఆ చాటు నుంచే ఒక్కొక్క మాటే బయటికొచ్చింది. కుప్పయ్య గూడూరు నిమ్మకాయల మండీలో హమాలీ. సరుకు బయటి ఊరికి పోతే, అక్కడ దించేందుకు హమాలీలు కూడా ఆ మూటల మీదే కూర్చుని పోవాలి. వాళ్ళకు బస్సు చార్జీ ఇచ్చే అలవాటు ఏ మండీలోనూ లేదు. యజమాని గంగాధరం మాత్రం ముందు డ్రైవరు పక్కన కాళ్ళు చాపుకుని కూర్చుంటాడు. హైవే మలుపులో మినీలారీ ఊగింది, తాడు తెగింది. మూటలతోపాటు మనిషీ రోడ్డున పడ్డాడు. ఆ మహానుభావుడు ముందు మూటలు లెక్కపెట్టించాడట.

"బండికి కాయితాలు లేవంట పాపా. చెట్టు మింద నుంచి పడినాడని చెప్తే ఆస్పత్రి కర్సు సూసుకుంటా అన్నాడు. బండి పేరెత్తితే మావోళ్ళెవురికీ మండీలో పని లేదన్నాడు. ఇంక మూట ఎత్తలేడని డాక్టరు చెప్పినాడు. రేపట్నించి మేమెట్లా బతికేది?"

"చెట్టని రాస్తే మీకు పైసా రాదక్కా. బండి అని రాస్తేనే కేసు, కేసు ఉంటేనే నష్టపరిహారం."

నిస్సీ కిందికొచ్చేసరికి గిరిప్రసాద్ ఆమె కుర్చీ పక్కనే కాచుకుని ఉన్నాడు. గంగాధరం ఈ ఆసుపత్రి భాగస్వామికి బావమరిది. గూడూరులో అన్ని ఆసుపత్రులుండగా కుప్పయ్యను ఇక్కడికే ఎందుకు తెచ్చాడో ఇంక వేరే చెప్పాలా?

"ఏమ్మా, నంబరు వేసినావా?"

"మీకూ నిమ్మతోట ఉండాది కదా సార్. మీరెప్పుడన్నా చెట్టెక్కినారా?"

గిరిప్రసాద్ సిగ్గుపడలేదు. పైగా నవ్వాడు. "నాకు తెలుసు, నీకు తెలుసు. కంప్యూటరుకు తెలుసా? చెట్టంటే దానికి ఒకటే నంబరు. మామిడా, నిమ్మా అని అడగదు. డాక్టరు రాసింది వెయ్యి, అంతే."

"బండికి బయట కూర్చుని పడిన మనిషికి కూడా నంబరుండాది సార్. ఎక్కడో దేశంగాని దేశంలో ఈ నంబర్ల పుస్తకం రాసినోళ్ళకు వచ్చిన ఆ ఆలోచన ఈడ మనకు రాలేదు. అనుమానముంటే డాక్టర్ని అడగమని మీరే నేర్పించినారు. మెట్లు దిగతా ఫోన్లో ఆయనకు మెసేజి పెట్టినాను."

అతని ముఖం నల్లబడింది. "ఇంకా పర్మనెంటు కూడా కాలేదు నువ్వు. జరుగు అక్కణ్ణించి. నేనే వేస్తా." కుర్చీలో కూలబడి టకటకా కొట్టాడు. ఫైలు ఆమె పేరు మీద ఉంది కాబట్టి తెర ఆమె పాస్‌వర్డే అడిగింది.

"చెప్పు."

"చెప్పను సార్."

"ఉద్యోగం పోతుంది."

"పోతే పోనీండి. నా పేరు మింద మాత్రం ఆయన్ని చెట్టెక్కించను."

డబ్బా సంచిలో వేసుకుని మళ్ళీ వార్డుకు ఎక్కింది. ఫోను తీసి, పోలీసులకు చేయబోతూ తిరుమలమ్మ వైపు చూసింది.

"అక్కా, బండి నంబరు తెలుసా?"

తిరుమలమ్మ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. మంచం మీద నుంచి కుప్పయ్య కళ్ళు తెరిచాడు.

"నన్నడుగు పాపా," అన్నాడు. "ఆయప్ప బండి వారం వారం కడిగేది నేనే."