ఆరు నుంచి ఎనిమిది

సఫీనాజ్‌కి ఒళ్ళు మండిపోతోంది. ఇరవై రోజులుగా సాయంత్రం ఆరు కొట్టగానే ఆమె లాప్‌టాప్‌కి ఇంటర్నెట్ చచ్చిపోతుంది, ఎనిమిదికి మళ్ళీ లేచి కూర్చుంటుంది. ఆన్‌లైన్‌లో అరబ్బీ పాఠాలు చెప్పుకుని బతికే మనిషి. ఉన్న నలుగురిలో ముగ్గురు విద్యార్థులు విసుగెత్తి మానేశారు. మిగిలింది ఆరింటికి వచ్చే జర్మనీ ఆవిడ ఒక్కతే. నిన్న కూడా తెగిపోయేసరికి, "రేపొక్కరోజు చూడండి" అని ఆవిడని ఫోన్లో బతిమాలుకుంది.

అలెగ్జాండ్రియాలో ఆ మేడలోని నాలుగు ఇళ్ళకీ ఒకటే లైను. రౌటర్ పెత్తనమంతా పై అంతస్తులో ఉండే రిటైరైన ఇంజినీరు బహ్గత్‌ది. మెట్ల పక్కన జాలీ పెట్టెలో పెట్టి తాళం వేసుకున్నాడు.

"తప్పు ఇంటర్నెట్ కంపెనీ వాళ్ళది మేడమ్. నమ్మరా? రౌటర్ సెట్టింగులన్నీ ఈ బ్యాకప్ ఫైల్లో ఉన్నాయి. పట్టుకెళ్ళి చదువుకోండి," అన్నాడు పొద్దున, పళ్ళికిలిస్తూ.

తెరిస్తే అన్నీ పిచ్చిగీతలే. అది గుప్తలిపిలో ఉన్న ఫైలు. తెలిసే ఇచ్చాడు, పెద్దమనిషి! ఈవిడకేం చేతనవుతుందిలే అని ధీమా.

సఫీనాజ్ మధ్యాహ్నం దాకా నెట్‌లో వెతికింది. ఆ రకం రౌటర్‌కి దాని మీద అంటించిన సీరియల్ నంబరే తాళంచెవి అని ఎవరో పుణ్యాత్ముడు రాసి, ఫైలు విప్పే చిన్న ప్రోగ్రాం కూడా పెట్టాడు. జాలీలోంచి తొంగిచూసి నంబరు రాసుకొచ్చింది. ఫైలు తెరుచుకుంది.

ఇంజినీరు కదా, ఏ పనికైనా పేరు రాయకపోతే ప్రాణం ఒప్పదు. వంటింటి డబ్బాలకి రాసినట్టు ప్రతి సెట్టింగుకీ రాసిపెట్టాడు. ఒకచోట ఇలా ఉంది: "సఫీనాజ్ లాప్‌టాప్ బంద్, రోజూ ఆరు నుంచి ఎనిమిది. నా మ్యాచ్ టైము."

లాప్‌టాప్ చంకన పెట్టుకుని మెట్లెక్కింది.

"ఏమిటండీ ఇది?"

బహ్గత్ కళ్ళజోడు సర్దుకుని చదివాడు. "మీ పాఠం వల్ల నా మ్యాచ్ మధ్యలో ఆగితే ఎలా మేడమ్? పాఠం ఎప్పుడైనా చెప్పుకోవచ్చు. గోలు మళ్ళీ కొడతారా?"

"ముగ్గురు పోయారు నాకు!"

"ముందే చెప్పొద్దూ? తీసేసేవాణ్ణి కదా!"

"ఇరవై రోజులుగా మీ తలుపు బాదుతున్నాను. సిగ్గు లేదూ మీకు?"

రౌటర్ పాస్‌వర్డ్ కూడా ఆ ఫైల్లోనే ఉంది. అతని గుమ్మంలోనే నిలబడి, అతను చూస్తుండగా, ఆ సెట్టింగు తీసి పారేసింది.

"అయ్యయ్యో, నా రౌటర్!"

"నోరు ముయ్యండి."

ఆరింటికి జర్మనీ ఆవిడ తెరమీదకి వచ్చింది. పొద్దునే వేరే టీచరు దగ్గర చేరిపోయిందట, ఆ మాట ముఖం చూసి చెప్పాలని వచ్చిందట. సఫీనాజ్ తల ఊపింది. బొమ్మ ఎక్కడా చెదరలేదు, మాట ఎక్కడా తెగలేదు. పైన బహ్గత్ "గోల్!" అని గావుకేక పెట్టాడు. అతని మ్యాచ్ కూడా ఆగలేదు. ఆ లైను మొదటినుంచీ ఇద్దరికీ సరిపోయేదే.