పాలు పొంగిన రెండో టేక్

“వీడియో నువ్వే తీసెయ్యవే కేతకీ! బయటివాణ్ణి పిలిస్తే బూట్లతో వంటింట్లోకి వచ్చేస్తాడు,” అంటూ అనంతలక్ష్మి కోడలి చేతిలో కెమెరా పెట్టింది.

కోడలి అసలు పేరు కేతెవాన్. నోరు తిరగక, అత్తగారు పెళ్ళిపీటల మీదే ఆమెను మొగలిపువ్వు చేసేసింది. దేశం జార్జియా. అట్లాంటా ఉన్న జార్జియా అనుకునేరు, కాదు. నల్లసముద్రం ఒడ్డున ఉన్నది. అక్కడి కొండలు ఎంత ఎత్తంటే, మబ్బులు కూడా సగం దారిలో చతికిలబడి ఆయాసం తీర్చుకుని పోతాయట! ఆ కొండల్లో మూడు సినిమాలు తీసింది కేతెవాన్. కథ తనదే, దర్శకత్వం తనదే, ముఖానికి రంగు పూసుకున్నదీ తనే. వెక్కివెక్కి ఏడుస్తూ ఏడుస్తూ, “కట్” అని తనే అరిచేదట. అంతటి మనిషి అమెరికాలో ఈ నోవై ఊరికి వచ్చాక తీసినవన్నీ సీమంతాలూ అన్నప్రాశనలూ. ఏ ఒక్కదానిలోనూ ఆమె లేదు. కెమెరా వెనకాల మనిషి ఎవరికి కనిపిస్తుంది గనక?

నాలుగో సినిమా రాసిపెట్టుకుంది. మంచులో ఒంటరిగా నడిచిపోయే ఆడమనిషి కథ. ఈ చలికాలం వచ్చి తీస్తావా, కథ ఇంకొకరికి ఇచ్చేయమంటావా అని నిర్మాత పొద్దున్నే ఫోన్ చేశాడు. మొగుడు చక్రధర్‌తో చెబితే, “ముందు గృహప్రవేశం కానీ కేతీ. స్నో ఇక్కడా ఉందిగా, బ్యాక్‌యార్డ్‌లో షూట్ చేసుకో!” అని నవ్వాడు. మంచివాడి నవ్వు. దానికి ఎదురు చెప్పడమే కష్టం.

ఇల్లాలు పొంగించాల్సిన పాలు అత్తగారే పొంగించింది. పొంగినవి పొయ్యి మీద పడి మాడాయి. పొగకి అలారం కుయ్యోమంది. చక్రధర్ కుర్చీ ఎక్కి కండువాతో పొగ విసిరాడు. చుట్టాలు చెవులు మూసుకున్నారు.

“వీడియోలో ఆ కూత కూడా పడిందా ఏమిటే?”

“పడింది అత్తయ్యా.”

“శుభమా అని ఇదేం ఖర్మ! మళ్ళీ పొంగిద్దాం. పొయ్యి తుడువమ్మా.”

కేతెవాన్ తుడిచింది. మసిగుడ్డ నిండా మాడుకంపు.

“ఈసారి నువ్వూ నా పక్కన నిలబడి నవ్వవే. సినిమాల్లో వేశావుగా!”

చక్రధర్ కెమెరా అందుకున్నాడు. “రెడీయా, డైరెక్టర్ గారూ?”

తను రాయని వేషం ఆమె ఆ కొండల్లో ఎన్నడూ కట్టలేదు. ఇక్కడికి వచ్చిన దగ్గర్నుంచీ కడుతున్నది అదొక్కటే.

కెమెరా కంట్లోకి సూటిగా చూసింది.

“కట్.”

“ఇంకా మొదలే పెట్టలేదు కేతీ!”

“తెలుసు,” అంటూ మసిగుడ్డ తీసి అతని భుజం మీద వేసింది. “అక్కడ మంచు కరిగేలోపు మొదలుపెట్టాలి.”