చిరుగు దాటించిన పాలు

దగ్గరికి జరుగు బిడ్డా, గాలికి నా మాట అటు కొట్టుకుపోతోంది. ఇది మా అత్తగారి అమ్మ పాబీ సంగతి. రణ్ అనే ఉప్పు ఎడారి అంచున, ఒంటెలు కాసుకునే మన రబారీల గుడిసెల్లో జరిగింది.

అప్పట్లో రణ్ నేల ఉన్నట్టుండి పాత కంబళిలా చిరిగేది. ఆ చిరుగు కంటికి కనబడదు. ఎదురుగా నీ గుడిసె కనబడుతూనే ఉంటుంది, ఎంత నడిచినా దగ్గరకు రాదు. అందుకే మనవాళ్ళు ఒంటె పిల్లను గుడిసె దగ్గర కట్టేసి, పాలిచ్చే తల్లి ఒంటెనే రణ్ లోపలికి తోలుకుపోయేవారు. పొదుగు నిండిందంటే తల్లి పిల్ల వైపే నడుస్తుంది. నేల చిరిగిందా లేదా అన్నది దానికి పట్టదు.

ఆ వేసవిలో త్రికమ్‌లాల్ అని నేల పటాలు గీసే ఆయన భుజ్ పట్నం నుంచి వచ్చాడు. గుడిసెల నుంచి రణ్ మధ్యనున్న ముళ్ళ దిబ్బ దాకా గొలుసు పట్టి కొలిచాడు. వెళ్ళేటప్పుడు ఒక దూరం వచ్చింది, తిరిగొచ్చేటప్పుడు ఇంకో దూరం. కాగితం మీద గీతకు గీత కలవలేదు. పాపం, ఆయన తిండి మానేసి ఆ కాగితం ముందే కూర్చున్నాడు.

"ఎండకు గొలుసు సాగిందేమో సాహెబూ," అన్నాడు పాబీ మొగుడు వేర్సీ.

"సాగితే వేలెడు సాగుతుంది. క్రోసు దూరం సాగుతుందా?"

"అయితే గొలుసు మంచిదే. నేలకే బుద్ధి లేదు."

మర్నాడు పొద్దున్నే మళ్ళీ కొలుద్దామని ధోళీ అనే ఒంటెను తోలుకుని ఇద్దరూ బయలుదేరారు. ఒక్క తిత్తి నీళ్ళు, మధ్యాహ్నానికి సరిపడా.

"ఎండెక్కేలోపు వచ్చేస్తా. ఇవాళ వెల్లుల్లి కారం తగ్గించు, నిన్న నోరు మండిపోయింది," అన్నాడు వేర్సీ పెళ్ళాంతో.

"నోరు మండితేనే నీ మాటలు తగ్గేది," అంది పాబీ.

వాళ్ళు కనుమరుగు కాగానే గుంజకు కట్టిన ధోళీ పిల్ల అరుపు మొదలుపెట్టింది. పాబీ గడపలో కూర్చుని చంటిదానికి పాలిస్తోంది. తన బిడ్డ గుటకలు వేస్తుంటే ఆ అరుపు వినలేకపోయింది. కాసిని మేకపాలైనా తాగిద్దామని ముడి విప్పింది. అంతే, ఆ పిల్ల తాడు లాక్కుని తల్లి వెళ్ళిన వైపు రణ్‌లోకి పరుగు తీసింది.

అత్త జీవీ బయటికొచ్చి ఖాళీ గుంజను చూసింది.

"ముడి ఎవరు విప్పారే?"

"నేనే అత్తా. ఏడుస్తుంటే..."

"ఏడవాలనే కదే కట్టింది. ఇంక ధోళీకి ఇంటికొచ్చే పనేముంది?"

పొద్దు నడినెత్తికి వచ్చింది. వాళ్ళ జాడ లేదు. తక్కిన మందంతా దూరపు మేతకు పోయి ఉంది, వెంట తీసుకెళ్ళడానికి ఇంకో తల్లి ఒంటె లేదు. పాబీ చంటిదాన్ని అత్త ఒడిలో పెట్టింది.

"దీని నోటికి ఏమీ పెట్టకు అత్తా. ఏడవనీ."

"మతిపోయిందా నీకు? నువ్వు మనిషివే, ఒంటెవి కాదు."

"పాలు పాలే కదా."

జీవీ కోడలి మొహంలోకి చూసి, బిడ్డను గుండెకు అదుముకుంది. "పో. దీన్ని గడప దాటించను," అంది.

ఒంటె పిల్ల అడుగుల వెంట పాబీ నడిచింది. ఉప్పు పెళ్ళలు కాళ్ళ కింద పటపటమంటున్నాయి. ఒకచోట అడుగు గుర్తు సగమే ఉంది. రెండో సగాన్ని కత్తెరతో కోసి తీసేసినట్టుంది. పాబీ ఆ కోత మీదుగా కాలు వేసింది. గాలి చప్పుడు ఆగిపోయింది. వెనక్కి చూస్తే గుడిసెలు లేవు, ముందు వైపు కనబడ్డాయి.

మిగతా సగం అడుగు దగ్గర మళ్ళీ మొదలైన జాడ ధోళీ దాకా తీసుకెళ్ళింది. పిల్ల పొదుగు పట్టుకుని ఉంది, తల్లి కళ్ళు అరమూసుకుని నిలబడింది. దాని నీడలో పెదాలు పగిలిన ఇద్దరు మగవాళ్ళు. తిత్తి ఎండిపోయింది.

"తోలాను, కొట్టాను, కాళ్ళు కూడా పట్టుకున్నాను," అన్నాడు వేర్సీ. "కదలట్లేదు."

"దాని ఇల్లు దాని దగ్గరికే వచ్చింది, ఎందుకు కదులుతుంది? లేవండి. నా ఓణీ పట్టుకోండి."

పాబీ కళ్ళు మూసుకుంది. చాలాసేపు ఏమీ లేదు. పాలు పొంగవేమోనని బెంగపడుతూ నిలుచున్నచోటే మెల్లగా తిరిగింది. అప్పుడు రొమ్ము సలిపింది, కుడివైపు తిరిగితే ఎక్కువైంది. అటే నడిచింది.

"అమ్మా, అటు కాదు," అన్నాడు త్రికమ్‌లాల్. "ఎడమ పక్కన గుడిసెలు కనబడుతున్నాయి. మీ అత్తగారు చెయ్యి ఊపుతోంది. కుడివైపు అంతా ఉప్పే."

వేర్సీ కూడా చూశాడు. నిజమే, వాళ్ళమ్మే. నడక ఆపేశాడు, ఓణీ బిగిసింది.

"నీ కళ్ళు ఏం చూశాయో నాకు తెలీదు," అంది పాబీ. "బిడ్డ ఆకలి అటుంది. మా అత్త చెయ్యి ఊపదు, రెండు చేతులతో బిడ్డను పట్టుకుని ఉంటుంది."

వేర్సీ త్రికమ్‌లాల్ కళ్ళకు తన తలపాగా చుట్టి, తానూ కళ్ళు మూసుకున్నాడు. ముగ్గురూ ఉప్పులోకే నడిచారు. పాబీ రవిక తడిసింది, పాలు పొట్ట మీదికి కారాయి. కారిన కొద్దీ నడక పెంచింది. ముందు చెవిన పడింది గాలి, ఆ తరువాత చంటిదాని ఏడుపు.

గడపలో కూలబడి పాబీ బిడ్డను అందుకుంది. వేర్సీ నీళ్ళు కూడా తాగకుండా రణ్ వైపు చూస్తూ నిలబడ్డాడు.

"ధోళీ రాదు," అంది జీవీ.

అది రాలేదు. త్రికమ్‌లాల్ తన పటంలో ఆ మేర తెల్లగా వదిలేసి వెళ్ళిపోయాడు.

ఇది మనసులో పెట్టుకో తల్లీ. నీ తరువాత వాళ్ళకు చెప్పు. చెప్పేటప్పుడు ధోళీ దారి తప్పిందని మాత్రం అనకు. దాని పిల్ల దాని దగ్గరే ఉంది.